నవ్వుల పెట్టె: ఇంటి సొత్తు

(తెలుగు ఉద్యోగుల వార్షిక సాంస్కృతిక సభలో చదువబడిన ప్రసంగ పాఠము)



ఖరగ్‌పూర్ వంటి రైల్వే పట్టణమున టికెట్టునకును బండికిని గల భేదమును ఎవరికిని విడమరచి చెప్పనక్కరలేదు. టికెట్టు కొన్నవాడు ప్రయాణమునకు హక్కుదారుడు, బండికి కాడు. గడువు తీరిన సీజను టికెట్టును చూపి ఎవ్వడును బండి యెక్కజాలడు. ఈనాడు వినోదము కొరకు కుటుంబములు నెలనెలా చెల్లించు చందాలు ఈ సీజను టికెట్టు వంటివే. సొమ్ము చెల్లించినంత కాలము బొమ్మ కనబడును. అదియు దానిని చూపు సంస్థ ఉంచదలచినంత కాలమే. ఇట్లు గాక, మనసునకు నచ్చిన యొక హాస్య ధారావాహికను మొదటి భాగము మొదలు తుది భాగము వరకు డిస్కులపై కొని బీరువాలో నుంచుకొనుట వేరొక పద్ధతి. ఇది పాతకాలపు చాదస్తమా, గృహస్థుని ముందుచూపా యన్నదే నేటి విచారణాంశము.

ఈ విచారణకు తగిన తెలుగు ఉదాహరణము దూరమున లేదు. అది "అమృతం". గుణ్ణం గంగరాజు రూపకల్పన చేయగా జస్ట్ యెల్లో సంస్థ నిర్మించిన ఈ ధారావాహిక 2001 నవంబరు 18న జెమిని టీవీలో ఆరంభమై, 2007 నవంబరు 18 వరకు ఆదివారపు రాత్రులయందు 313 భాగములుగ ప్రసారమైనది. అమృతరావు, ఆంజనేయులు అను ఇరువురు మిత్రులు. వారు నడుపు అమృత విలాస్ అను హోటలు. అందు పనిచేయు సర్వం. వారి ధర్మపత్నులు సంజీవని, శాంత. ఇంటి యజమాని అప్పాజీ. ఈ కొలదిమందితో ఆరేండ్లపాటు ప్రతి వారమును తెలుగువారి లోగిళ్ళలో నవ్వులు పూయించుట సామాన్యమైన కార్యము కాదు. సిరివెన్నెల సీతారామశాస్త్రి రచించి, కల్యాణి మాలిక్ స్వరపరచిన దాని శీర్షిక గీతము వినబడగానే వంటింటిలోని ఇల్లాలు సైతము ముందు గదిలోనికి వచ్చెడిది.

పనిచేయు చోటును ఆధారముగ గైకొని వ్రాసిన హాస్యమునకు ఉద్యోగుల హృదయములలో ప్రత్యేకమైన తావు గలదు. బంధువులను విధి యిచ్చును. మిత్రులను మనుజుడు ఎన్నుకొనును. సహోద్యోగులను మాత్రము పోస్టింగు ఆర్డరు ఇచ్చును. ఒకే కప్పు క్రింద ఎనిమిది గంటలు గడపువారి మధ్య పుట్టు చిరాకులు, చిన్న చిన్న కుయుక్తులు, అంతలోనే ఒకనికొకడు ఆసరా యగుట, ఇవి ఏ దేశమునందైనను ఒక్కటే. చిత్రమేమనగా 2001వ సంవత్సరమొక్కటే ఇట్టి మూడు ధారావాహికలకు జన్మవత్సరమైనది. ఇంగ్లండున కాగితము వర్తకము చేయు సంస్థ నాధారముగ గొని "ది ఆఫీస్" వెలువడెను. హిందీలో "ఆఫీస్ ఆఫీస్" వెలువడి, ముసద్దీలాల్ అను సామాన్యుని కార్యాలయముల చుట్టు త్రిప్పెను. తెలుగున "అమృతం" వచ్చెను. అమృతరావు ధనవంతుడు కావలెనని పన్నిన ప్రతి పన్నాగమును బెడిసికొట్టును. అయినను మరుసటి వారమునకు హోటలు తలుపులు మరల తెరువబడును. నెల జీతముపై సంసారమును ఈదు ఉద్యోగికి ఇంతకన్న దగ్గరి కథ మరి యేమి గలదు?

ప్రవాసాంధ్రులకు ఇందు మరియొక ప్రయోజనము గలదు. బెంగాల్ నాగపూర్ రైల్వే కాలము నుండి తరతరములుగ ఖరగ్‌పూర్‌లో నెలకొన్న తెలుగు కుటుంబముల పిల్లలకు వీధిలో బంగాళీ, బజారులో హిందీ, చదువునకు ఇంగ్లీషు తప్పవు. తెలుగు అక్షరములను వాచకము నేర్పగలదు. కాని వెటకారము, బుజ్జగింపు, దెప్పిపొడుపు, మాటకు మాట అప్పగించు చమత్కారము, వీనిని ఏ వాచకమును నేర్పజాలదు. అవి నలుగురు కూర్చుండి మాటలాడుకొను ఇంటిలో పుట్టును. ఇల్లు చిన్నదై, తాతలు నాయనమ్మలు దూరమైనచో ఆ మాటలు వినిపించువారెవరు? సామాన్యులైన తెలుగువారు సామాన్యమైన విషయములపై తగవులాడుకొను హాస్య ధారావాహిక ఆ లోటును కొంత తీర్చును. పిల్లవాడు నవ్వు కొరకు చూచును; వానికి తెలియకుండగనే పలుకుబడి వాని నోటికి వచ్చును. కావున ఈ పెట్టెను భద్రపరచుట యనగా వినోదమును మాత్రమే గాక ఇంటి భాషను గూడ కొంత భద్రపరచుటయే.

"ఇవి యన్నియు అంతర్జాలమున లభించుచుండగా డిస్కులతో పని యేమి?" యని యువకులు ప్రశ్నింతురు. ప్రశ్న సమంజసమే. "అమృతం" భాగములను యూట్యూబు ద్వారా లక్షలమంది మరల చూచిరి. అయితే అదే కుటుంబమునకు చెందిన ఇతర కృతులు ఎచ్చటెచ్చట నున్నవో గమనింపుడు. 2014లో "చందమామలో అమృతం" చలనచిత్రముగ వచ్చెను. 2020లో "అమృతం ద్వితీయం" జీ5 అను చందా వేదికపై వెలువడెను. ఒకటి ఒక గుమ్మమున, వేరొకటి వేరొక గుమ్మమున నున్నది. తాళపుచెవులు మాత్రము చూచువానివి కావు.

పరదేశముల యనుభవము ఈ విషయమును మరింత స్పష్టము చేయును. అమెరికాలో 2005 నుండి 2013 వరకు 201 భాగములుగ నడచిన "ది ఆఫీస్" అచ్చటి నెట్‌ఫ్లిక్స్ వేదికపై మిక్కిలి ప్రీతిపాత్రమై యుండెను. 2020 డిసెంబరు చివరతో అది అచ్చటినుండి తొలగి, మరునాటినుండి పీకాక్ అను వేరొక వేదికకు మారెను. చూడగోరినవారు వేరొక చందా కట్టవలసి వచ్చెను. ఇంగ్లండున ఒక హోటలు నాధారముగ చేసికొని 1975లోను 1979లోను పండ్రెండు భాగములు మాత్రమే తీసిన "ఫాల్టీ టవర్స్" ధారావాహిక నుండి ఒక భాగమును 2020 జూనులో ఒక వేదిక కొన్నినాళ్ళు తొలగించి, పిదప హెచ్చరికతో మరల చేర్చెను. ఆ తొలగింపు న్యాయమా యన్న చర్చ వేరు. కాలము మారినకొలది పాత హాస్యములో నొచ్చుకొనదగిన మాటలు బయటపడుట సహజము; వానిని గూర్చి పిల్లలకు విడమరచి చెప్పుట పెద్దల విధి. అయితే డిస్కు కలవాడు ఆ నిర్ణయమును తన యింట తాను చేయును. చందాదారుని విషయమున అన్యులు చేయుదురు.

వేదికలు పుట్టుటకు పూర్వము గూడ కృతులు నశించుచునే యుండెను. భారతదేశపు ప్రథమ వాక్చిత్రమైన "ఆలం ఆరా" 1931లో వెలువడినది. నేడు దాని ప్రతి లభించుట లేదు. బ్రిటిషు ప్రసార సంస్థయైన బి.బి.సి. 1960, 1970 దశకములలో టేపుల వెలను, బీరువాలలోని చోటును తలచి, పాత కార్యక్రమములను చెరిపి అదే టేపుపై క్రొత్తవానిని ముద్రించుచుండెను. దాని వలన ఎన్నో హాస్య ధారావాహికల భాగములు మాసిపోయెను. పాత సామానుల వర్తకము చేయు తండ్రీకొడుకుల కథయైన "స్టెప్టో అండ్ సన్" విషయమున రంగులలో తీసిన కొన్ని భాగములు నేడు నలుపు తెలుపులలో మాత్రమే మిగిలినవి. అట్లయినను మిగులుటకు కారణము, దాని రచయితలైన గాల్టన్, సింప్సన్ అనువారు తమయొద్ద టేపులను నిలుపుకొనుటయే. కోట్ల పౌనుల సంస్థ పారవేసిన దానిని ఇరువురు రచయితల బీరువా కాపాడెను.

సొంత బీరువాలో వినోదమును దాచుకొనుట తెలుగువారికి క్రొత్త కాదు. గ్రామఫోను రోజులలో ఒక్కొక్క ప్రక్క మూడు నిమిషములకు మించి పలుకని రికార్డులపై నాటకములను ముక్కలు ముక్కలుగ విభజించి అమ్మెడివారు. ఒక నాటకమనగా ఒక బరువైన పెట్టె. "పాండవోద్యోగ విజయముల" పద్యములు అట్టి రికార్డులపై ఊరూర మ్రోగినవి. ఆ రికార్డులను తయారుచేసిన గ్రామఫోను కంపెనీ కర్మాగారము ఈ వంగదేశముననే 1908లో సియాల్దాలో ఆరంభమై, పిదప డమ్‌డమ్‌నకు మారెను. కలకత్తాలో అచ్చయిన తెలుగు పద్యము ఖరగ్‌పూర్ మీదుగనే కదా ఆంధ్రదేశమునకు చేరెడిది! పెట్టెలో ఒక్క రికార్డు పగిలినచో ఆ నాటకము లోపభూయిష్ఠమయ్యెడిది. సమగ్రత యొక్క విలువ ఆనాటి గృహస్థునకు బాగుగ తెలియును.

ఇక సమగ్రత యనగా నేమో విచారింతము. "అమృతం"లో అమృతరావు పాత్రను తొలుత శివాజీరాజా, తరువాత నరేష్, పిదప హర్షవర్ధన్ ధరించిరి. ఆంజనేయులుగ గుండు హనుమంతరావు నటించిరి. ఆయన 2018 ఫిబ్రవరిలో దివంగతులైరి. అక్కడొక భాగము, ఇక్కడొక భాగము చూచువానికి ఒకే మనుష్యునకు మూడు ముఖము లేలనో అర్థము కాదు. వరుసగ చూచువానికి మాత్రమే పాత్ర ఎట్లు చేతులు మారెనో, ఆంజనేయులు ప్రతి మిత్రునితోను తన నటనను ఎట్లు సరిచూచుకొనెనో తెలియును.

పెట్టెపై "సంపూర్ణము" అని ముద్రించినంత మాత్రమున లోనిది సంపూర్ణమని నమ్మరాదు. అమెరికాలో ఒక రేడియో కేంద్రము నాధారముగ 1978 నుండి 1982 వరకు ప్రసారమైన "డబ్ల్యు.కె.ఆర్.పి. ఇన్ సిన్సినాటి" ధారావాహికలో ఆనాటి ప్రసిద్ధ గీతములు అనేకము వినిపించెడివి. వాని హక్కుల ధర పెరిగినందున 2007లో తొలి డిస్కులు వెలువడినపుడు అనేక గీతములను తొలగించి వేరే సంగీతమును చేర్చిరి. అభిమానులు నిరాశ చెందిరి. 2014లో వేరొక సంస్థ చాలవరకు అసలు గీతములతో సమగ్ర సంపుటమును వెలువరించెను. కావున కొనువారు భాగముల సంఖ్యను, ఒక్కొక్క భాగపు నిడివిని, పాటలను, భాషను విచారించి కొనవలెను.

లెక్కలు వేయుట రైల్వే వారికి అలవాటే గనుక ఒక చిన్న లెక్క. ఒక్కొక్క భాగమును ఇరువది నిమిషములుగ గణించినచో 313 భాగములకు 6,260 నిమిషములు, అనగా నూట నాలుగు గంటల పైమాట. వీడియో సీడీ యొక్కటి సుమారు 74 నిమిషములు పట్టును. మూడేసి భాగముల చొప్పున 105 డిస్కులు కావలెను. డీవీడీపై మంచి నాణ్యముతో రెండు గంటలు ముద్రించి ఆరేసి భాగములు చేర్చినచో 53 డిస్కులు చాలును. పాత టెలివిజను కొలతలతో తీసిన ధారావాహికకు డీవీడీ సరిపోవును. బ్లూ-రే వలన చిత్రపు నాణ్యము మిక్కిలి పెరుగదు గాని, అందు ఇముడు సమాచారము ఎక్కువ గనుక డిస్కుల సంఖ్య తగ్గును. యాబదిమూడు డిస్కులనగా బీరువాలో ఒక అరలో సగము. ఆరేండ్ల ఆదివారములు ఆ సగము అరలో ఇముడును. ఆ రాత్రులలో డ్యూటీ పడి భాగములను చూడనోచుకొనని గార్డులు, డ్రైవర్లు, వర్కుషాపు కార్మికులు ఎందరు లేరు! వారి కొరకు కాలము ఆగలేదు. డిస్కు మాత్రము ఆగును.

విదేశముల నుండి బిడ్డలు కానుకగ పంపు సంపుటముల విషయమున ఒక జాగ్రత్త యవసరము. డీవీడీలకు ప్రాంతపు సంఖ్యలు గలవు. అమెరికాకు ఒకటి, ఇంగ్లండునకు రెండు, భారతదేశమునకు ఐదు. అమెరికా డిస్కు ఇచ్చటి సాధారణ యంత్రమున ఆడకపోవచ్చును. కొనుటకు ముందే తమ యంత్రము అన్ని ప్రాంతములవానిని ఆడించునా యని తెలిసికొనవలెను.

డిస్కు శాశ్వతమను భ్రమయు కూడదు. బంగాళపు వానకాలపు తేమ టేపులకు బూజు పట్టించును. పెట్టెల అట్టలను మెత్తబరచును. డిస్కులను నిలువుగ నుంచవలెను, ఎండ తగులరాదు, అంచులను మాత్రమే పట్టుకొనవలెను. తుడువవలసివచ్చినచో మెత్తని గుడ్డతో మధ్యనుండి అంచునకు తిన్నగ తుడువవలెను గాని, గుండ్రముగ త్రిప్పరాదు. సంవత్సరమున కొకమారైనను అన్నిటిని ఆడించి చూడవలెను. ఇంటిలో వ్రాసికొన్న డిస్కుల కన్న కర్మాగారమున అచ్చయినవి సాధారణముగ ఎక్కువకాలము మన్నును. అన్నిటికిని మించి యంత్రమును గూర్చి ఆలోచింపవలెను. వీ.హెచ్.ఎస్. యంత్రములను తుదివరకు తయారుచేసిన జపాను సంస్థ ఫునాయి 2016లో ఆ పని మానెను. వ్రాయదగిన బ్లూ-రే డిస్కుల ఉత్పత్తిని సోనీ సంస్థ 2025 ఫిబ్రవరిలో నిలిపివేసెను. పాత యంత్రమును పాత ఇనుముల వానికి అమ్మివేసి డిస్కులను మాత్రము దాచుకొనువాడు, పాలను దాచి గిన్నెను పారవేసినవానితో సమానుడు.

చట్టమును గూర్చియు రెండు మాటలు అవసరము. డిస్కు కొన్నవాడు ఆ డిస్కునకు యజమాని. అందలి కృతికి కాడు. 1957 నాటి కాపీరైటు చట్టము వ్యక్తిగతమైన న్యాయ వినియోగమును అనుమతించుచున్నది గాని, ప్రతులు తీసి అమ్ముటకు గాని, టికెట్టు పెట్టి ప్రదర్శించుటకు గాని అనుమతింపదు. చలనచిత్ర కృతులకు ఆ రక్షణ వెలువడిన తరువాత అరువది సంవత్సరములుండును. కావున అధికారముగ వెలువడిన ప్రతినే కొనవలెను. సంఘము సభలో ప్రదర్శింపదలచినచో హక్కుదారుల అనుమతి పొందవలెను. బజారులో చౌకగ దొరకు దొంగ ప్రతులను కొనువాడు, తనను నవ్వించినవారి కూలిని ఎగవేసినవాడగును. ఉద్యోగుల కష్టమును నవ్వుగ మలచిన కృతి విషయమున ఉద్యోగులే అట్లు చేయుట తగదు.

కేంద్ర ప్రభుత్వోద్యోగి జీవితము బదిలీల జీవితము. రైల్వే వారైనను, ఐ.ఐ.టి. వారైనను, కలైకుండ వైమానిక స్థావరము వారైనను ఒకనాడు క్వార్టరు ఖాళీ చేయక తప్పదు. ఆ దినమున ఇల్లాలు ఏవి కట్టవలెనో, ఏవి వదలవలెనో నిర్ణయించును. చందా ఖాతా ఒక మనుష్యుని పేరును, రహస్యపదమును అంటిపెట్టుకొని యుండును. ఆ మనుష్యుని పిదప దానిని బిడ్డలకు అప్పగించుటకు సామాన్యముగ మార్గము లేదు. డిస్కుల పెట్టె అట్లు కాదు. అది చేతి నుండి చేతికి పోవును. తండ్రి నవ్విన చోట కుమారుడు నవ్వగలడు. తాను ఎన్నడు చూడని తాతగారి చమత్కారమును మనుమరాలు ఆ నవ్వులో పోల్చుకొనగలదు.

అందరి యిండ్లలోను అన్నియు ఉండుట సాధ్యము కాదు; ఉండనక్కరలేదు. సంఘపు గ్రంథాలయములో తెలుగు పుస్తకములకు ఒక బీరువా యున్నట్లే, అధికారముగ వెలువడిన తెలుగు హాస్య నాటకములకు, ధారావాహికలకు, హరికథలకు ఒక చిన్న అర కేటాయింపవచ్చును. దానికి ఒక జాబితా, ఒక యంత్రము, తేమను పట్టి యుంచు పొట్లములు కొన్ని, బాధ్యత వహించు యిరువురు సభ్యులు ఉన్నచో చాలును. ఇండ్లలో మూలబడిన గ్రామఫోను రికార్డులు, టేపులు, డిస్కులు ఎవరియొద్ద ఏవేవి యున్నవో ఒక పట్టిక వ్రాయుట ఆ పనిలో మొదటి మెట్టు. ఏ భాగమైనను సమగ్రముగ లభింపనిచో హక్కుదారులకు సంఘము తరఫున ఒక లేఖ వ్రాయుట రెండవ మెట్టు. కొనువారు గలరని తెలిసినపుడే వెలువరించువారు ముందునకు వత్తురు.

సభ ముగియగానే ప్రతి కుటుంబమును తన యింటి అటకపై నున్న పెట్టెను ఒకమారు దింపి చూచుగాక. ఆ పట్టికలో తొలి పంక్తి నేటి రాత్రియే వ్రాయబడుగాక.